దాగుడుమూతల్లో మాయమైన ఇల్లు

అత్తాకోడళ్ల తగవులు గొలుసుగారి గుమ్మం తొక్కడం కొత్తేమీ కాదు. కోడలు అబద్ధాలాడుతోందని అత్తలూ, అత్త నిఘా పెట్టిందని కోడళ్లూ వచ్చి కూర్చునేవారు. కోడలి మీద పడ్డ నింద పోగొట్టమని ఒక అత్త వచ్చి చేతులు జోడించడం మాత్రం ఆయన డిటెక్టివుగా బోర్డు కట్టిన పదకొండేళ్లలో అదే మొదటిసారి.

ఆయన అంతకుముందు పాతికేళ్లు సర్వేశాఖలో గొలుసు పట్టి పొలాలు కొలిచారు. ఉద్యోగం పోయినా పేరు పోలేదు. కళ్లజోళ్ల దుకాణం పైన రెండు గదుల ఆఫీసు, అందులో ఆయనా, ఆయన అన్నకూతురూ. ముప్పై ఏళ్లొచ్చినా ఆమెని అందరూ అమ్మడూ అనే పిలుస్తారు. నివేదికలు టైపు చెయ్యడం, కంప్యూటర్ల సంగతి చూడడం ఆమె పని. బాబాయి బుర్ర పాదరసమని ఆమె గట్టి నమ్మకం.

ఆ బుధవారం ఉదయం వచ్చినావిడ రిటైరైన టీచరమ్మ. కుర్చీలో కూర్చున్నాక కూడా ఆమె చేతిలో గొడుగు కింద పెట్టలేదు. నింద దేని గురించి, ఏం పోయిందని గొలుసుగారు అడిగితే, ఇల్లు పోయిందన్నారు. అమ్మడు రాస్తున్న కలం ఆపింది. నిజమైన ఇల్లు కాదు, కంప్యూటరు ఆటలో ఇల్లు.

సంగతి ఇది. ఇటుక మీద ఇటుక పేర్చి ఏది కావాలంటే అది కట్టుకునే ఆట ఒకటుంది. ఇలాంటి ఆటల్ని తమ కంప్యూటర్ల మీద నడిపిపెట్టే ఒక హోస్టింగు కంపెనీ దగ్గర టీచరమ్మ కొడుకు అందులో ఒక లోకాన్ని అద్దెకి తీసుకున్నాడు. బంధువులూ స్నేహితులూ నలభైమంది ఎవరింట్లో వాళ్లు కూర్చునే అందులోకి వస్తారు. దాన్ని వాళ్లు ‘ఊరు’ అంటారు. ప్రతి శనివారం మధ్యాహ్నం ఊళ్లో ఏదో ఒక చిన్న ఆట పెడతారు. పరుగుపందెం, విలువిద్య, చిక్కుదారులు. వాటిని సొంతంగా తయారుచేసి ఊళ్లో కలిపేది టీచరమ్మ కోడలు.

టీచరమ్మ భర్త డ్రాయింగు మాస్టారు. నడుం పడిపోయి ఎనిమిది నెలలు మంచం మీద ఉన్నారు. కోడలే ఆయన ఒళ్లో లాప్‌టాప్ పెట్టి ఆట నేర్పింది. ఆయన ఆ ఎనిమిది నెలలూ ఊళ్లో ఒక ఇల్లు కట్టారు. ఆయన పోయి నాలుగు నెలలైంది. ఊళ్లోవాళ్లు ఆ ఇంటిముందు ఒక్క నిమిషం ఆగకుండా ముందుకి వెళ్లరు.

పోయిన శనివారం ఆ ఇంటి పక్క మైదానంలో కోడలు కొత్తగా దాగుడుమూతల ఆట పెట్టింది. దాక్కోడానికి గోడలు పగలగొట్టొచ్చు, గోతులు తవ్వొచ్చు. గంట మోగగానే, ఆట హద్దులో ఉన్నదంతా ముందే దాచిపెట్టిన నకలు ప్రకారం తిరిగి వచ్చేస్తుంది. గంట మోగింది. మైదానం చక్కగా తిరిగొచ్చింది. పక్కన ఇల్లు లేదు.

ఊరి రికార్డు తీసి చూస్తే, శుక్రవారం సాయంత్రం నాలుగూ పదికి కోడలి ఐడీ నుంచే ఆ ఆట హద్దు ఇంటి అవతలి దాకా జరిపినట్టు ఉంది. అంతే, నలభైమందీ నలభై మాటలన్నారు.

"నా కొడుకు దాంతో మాట్లాడడం మానేశాడండీ," అన్నారు టీచరమ్మ. "అది ఏడవదు, కాదనదు. ఎల్లుండి రైలుకి పుట్టింటికి వెళ్తోంది. ఈ మచ్చతో గడప దాటితే మళ్లీ రాదు. ఆ పిల్ల సంగతి నాకు తెలుసు."

"ఆవిడ చెయ్యలేదని మీకు అంత నమ్మకం దేనికి?"

"మా ఆయన చెయ్యి కదలని రోజుల్లో తన చేత్తో ఆయన వేళ్లు పట్టుకుని ఆ ఇటుకలు పెట్టించింది. అలాంటిది పడగొడుతుందా?"

అది సాక్ష్యం కాదని గొలుసుగారు అనేశారు. అయినా మధ్యాహ్నం వస్తామన్నారు.

టీచరమ్మ ఇంట్లో కంప్యూటరు హాల్లోనే, కిటికీ పక్కన ఉంది. ఇంట్లో ముగ్గురూ అదే వాడతారు. కోడలి ఐడీ అందులో ఎప్పుడూ తెరిచే ఉంటుంది. ఆమెది కంటి ఆసుపత్రిలో చూపు పరీక్షించే ఉద్యోగం. అడిగినదానికి జవాబు చెప్పి ఊరుకునే మనిషి. శుక్రవారం జ్వరమొచ్చి సెలవు పెట్టానంది. అన్నం తిని పడుకుంటే అయిదున్నరకి మెలకువొచ్చింది. మంచం పక్కన మాత్రలూ, గ్లాసుతో నీళ్లూ ఉన్నాయి. అత్తయ్య పెట్టి ఉంటారనుకుని వేసుకుంది. అత్తయ్య ఆ సాయంత్రం అయిదున్నర దాకా లైబ్రరీలోనే ఉన్నారు. మాత్రలు కోడలే తెప్పించుకుందని ఆవిడ అనుకున్నారు.

కొత్త ఆటని ఊళ్లో ఎలా కలుపుతారో వరసగా చెప్పమన్నారు గొలుసుగారు. ఆట రాసేది తనేనని, ఊళ్లోకి వెళ్లి రెండు మూలలు గుర్తుపెట్టి హద్దు గీసేది కూడా తనేనని ఆమె చెప్పింది. హద్దు గీసి ‘దాచు’ అంటే అప్పుడు అక్కడున్నదానికి ఉన్నదున్నట్టు నకలు తయారవుతుంది. ఆట ఫైళ్లు హోస్టింగు కంపెనీ అరలో, అంటే వాళ్ల కంప్యూటర్లో ఈ ఊరికి కేటాయించిన చోట, పెట్టాలంటే మాత్రం భర్త పాస్‌వర్డు కావాలి. ప్రతిసారీ ఆయన్ని అడిగి పెట్టించుకుంటుంది.

అమ్మడు కుర్చీ లాక్కుని ఊళ్లోకి వెళ్లింది. ఇల్లున్న చోట ఇప్పుడు ఖాళీ నేల. దాని మీద వంపు తిరిగిన వరసలో తెల్లరాళ్లు. గొలుసుగారు కళ్లజోడు పెట్టుకుని తెర దగ్గరికి వంగారు.

"ఈ రాళ్లు ఎవరు పాతారు?"

మాస్టారు ఇల్లు మొదలుపెట్టకముందు అక్కడ పోస్టుమాస్టారి గుర్రప్పందెం ఆట ఉండేదని, ఆ రాళ్లు దాని బాట అంచువని కోడలు చెప్పింది.

రిటైరైన ఆ పోస్టుమాస్టరు రెండు వీధుల అవతలే ఉంటారు. ఆయన దాపరికం లేని మనిషి. తన ఆట తీసేసి ఇల్లు కట్టుకున్నప్పుడు ఒళ్లు మండిందని, మంచంలో ఉన్నవాడితో పోట్లాడలేక నోరు మూసుకున్నానని చెప్పేశారు. ఆ ఆట నకలు ఆయన దగ్గర లేదు. అప్పట్లోనే టీచరమ్మ కొడుక్కిస్తే అతను కంపెనీ అరలో పెట్టాడు. శుక్రవారం నాలుగింటికి ఆయన పార్కులో చదరంగం ఆడి, వరసగా మూడు ఆటలు ఓడిపోయారు. గెలిచినవాళ్లు ముగ్గురూ సాక్ష్యం చెప్పడానికి ఉత్సాహంగా ఉన్నారు.

వాళ్లు టీచరమ్మ ఇంటికి తిరిగొచ్చాక, ఆరున్నరకి కొడుకు వచ్చాడు. ప్రింటింగు ప్రెస్సులో సూపర్వైజరు. చొక్కా చేతుల మీద సిరా మరకలు, మాటలో మర్యాద. శుక్రవారం ఆరు దాకా ప్రెస్సులోనే ఉన్నానన్నాడు. పాత నకళ్లు ఏమైనా ఉన్నాయా అని కంపెనీకి శనివారమే రాశాడట. ఏవీ లేవన్నారట. నాన్నగారి ఇల్లు ఎలా ఉండేదని అడిగితే, బయటినుంచి చూశాను, బాగానే ఉండేదన్నాడు. మాట్లాడినంతసేపూ భార్య వైపు చూడలేదు.

తిరిగొస్తూ అమ్మడు తన అనుమానం బయటపెట్టింది. ఆ పోస్టుమాస్టరు మాటలు సూటిగానే ఉన్నా కడుపులో కత్తి ఉందేమో అంది.

"హద్దు తప్పు గీస్తే ఏమవుతుందే?" అని అడిగారు గొలుసుగారు.

"పక్కవాడి పొలం మన పొలంలో కలుస్తుంది బాబాయ్."

"కలిస్తే, అందులో ఉన్న ఇల్లు కూలిపోతుందా?"

ఆ రాత్రంతా ఆమె దాని గురించే ఆలోచించింది. గురువారం ఉదయం ఆయన రెండు ఫోన్లు చేశారు. ఒకటి హోస్టింగు కంపెనీకి, ఇంకోటి ప్రెస్సుకి. తర్వాత టీచరమ్మకి కబురు పెట్టి, అయిదింటికి అందరినీ హాల్లో ఉండమన్నారు.

అయిదింటికి అందరూ ఉన్నారు. పోస్టుమాస్టరు తలుపు పక్క కుర్చీలో, కొడుకు గోడకి ఆనుకుని, అత్తాకోడళ్లు సోఫాలో.

"అందరూ హద్దు దగ్గరే ఆగిపోయారు," అని మొదలుపెట్టారు గొలుసుగారు. "హద్దు జరిపితే ఇల్లు పోతుందనుకున్నారు. పోదు. శుక్రవారం నాలుగూ పదికి ఇల్లు అక్కడే ఉంది. అప్పుడు హద్దు జరిపి దాస్తే ఇల్లు కూడా నకల్లోకి వస్తుంది. శనివారం గంట మోగితే ఇల్లు ఇంకా భద్రంగా తిరిగి రావాలి. కానీ తెల్లరాళ్లు వచ్చాయి. అంటే ఇల్లున్న చోటికి ఆటలో పెట్టిన నకలు శుక్రవారంది కాదు, ఏడాది కిందటిది, గుర్రప్పందెం నాటిది."

అమ్మడికి అప్పుడు అర్థమైంది. ఇంత చిన్న సంగతి తనకెందుకు తోచలేదా అని సిగ్గుపడింది, బాబాయిని చూసి మురిసింది కూడా.

"హద్దు ఊళ్లోంచి జరపొచ్చు. దానికి ఈ కంప్యూటరు చాలు," అన్నారాయన. "పాత నకలు తెచ్చి కొత్త ఆటలో పెట్టాలంటే కంపెనీ అర తెరవాలి. అమ్మాయిగారు దాన్ని తెరవలేరు. పోస్టుమాస్టారూ తెరవలేరు. తెరవగలిగినవాడు ఒక్కడే."

టీచరమ్మ కొడుకు వైపు తిరిగారు. ఇంటిదొంగని ఈశ్వరుడైనా పట్టలేడంటారు. పట్టుకుంటే చూడవలసి వచ్చేది కన్నతల్లేనని ఆ సామెత చెప్పదు.

"నేను ప్రెస్సులో ఉన్నాను," అన్నాడు కొడుకు.

"మూడున్నరకి గంటన్నర పర్మిషన్ అడిగారు. మీ యజమానికి గుర్తుంది, ఇంట్లో మనిషికి జ్వరమని చెప్పి వెళ్లారట. నిజమే చెప్పారు. మాత్రలు కొన్నారు. ఆవిడ నిద్రపోతోంది. లేపకుండా పక్కన పెట్టి, నీళ్లు కూడా పెట్టారు. ఆ తర్వాత హాల్లోకొచ్చి ఈ కుర్చీలో కూర్చున్నారు. ఆ మాత్రలు తామే తెచ్చామని ఇంట్లో ఎవరూ అనలేదు. భార్యకి మందు తెచ్చిన మొగుడు ఆ సంగతి ఎందుకు చెప్పుకోలేదా అని నేను ఆలోచించాను."

అయిదు రోజులుగా తేలు కుట్టిన దొంగలా ఉన్న మనిషి, ఇప్పుడు నొప్పి ఒప్పుకున్నట్టు గోడ దగ్గరే కింద కూర్చుండిపోయాడు.

"ఇందులో తెరిచి ఉన్న ఆవిడ ఐడీ మార్చడం తోచలేదో, మార్చకూడదనుకున్నారో మీకే తెలియాలి," అన్నారు గొలుసుగారు.

"ఎందుకురా?" అన్నారు టీచరమ్మ.

అతను తల్లి వైపు తిరిగాడు. "ఎనిమిది నెలలు నాన్న పక్కన తను కూర్చుందమ్మా. నేను గుమ్మంలో నిలబడి, ఎలా ఉంది నాన్నా అని వెళ్లిపోయేవాణ్ణి. ఆయన్ని అలా చూడలేకపోయాను. ఇప్పుడు ప్రతి శనివారం ఎవడో ఒకడు, మీ నాన్నా మీ ఆవిడా ఎంత బాగా కట్టారండీ అంటాడు. ఆ ఇల్లు ఉన్నంతకాలం నేను లేని ఆ ఎనిమిది నెలలూ అక్కడ నిలబడే ఉంటాయనిపించింది. ఆటలో ఏదో పొరపాటని అందరూ సరిపెట్టుకుంటారనుకున్నాను. రికార్డు చూస్తారనుకోలేదు. మొదటిరోజు చెప్పలేకపోయాను. మర్నాటికి అది ఇంకా కష్టమైంది."

అమ్మడికి అతని మీద జాలి కలిగింది, కోపమూ కలిగింది. ఏది ఎక్కువో తేల్చుకోలేకపోయింది.

గొలుసుగారికి చెప్పవలసింది ఇంకొకటి మిగిలింది. కంపెనీకి ఈ ఇంటినుంచి ఎవరూ ఏమీ రాయలేదు. వాళ్లు ఊరి నకలు ఏడు రోజుల దాకా దాస్తారు. పోయిన శుక్రవారం ఉదయంది ఇంకా ఉంది, రేపు చెరిగిపోతుంది. దాన్ని తెరవమని అద్దెకి తీసుకున్న మనిషి తన నోటితో చెప్పాలి. ఆయన ఫోను చేసి కొడుకు చేతికిచ్చారు. అతను తన పేరు చెప్పి తెరవమన్నాడు. కంపెనీవాళ్లు ఇరవై నిమిషాలు ఆగమన్నారు. తర్వాత తెర మీద ఇల్లు తిరిగొచ్చింది. రెండంతస్తులు, పొడుగాటి కిటికీలు, నీలం రంగు మెట్లు.

కోడలు లేచి వెళ్లి కంప్యూటరు ముందు కూర్చుంది.

"మీరు ఈ ఇంట్లోకి ఎప్పుడైనా వెళ్లారా?" అని అడిగింది భర్తని.

"లేదు."

"రండి, చూడండి."

అతను వచ్చి ఆమె వెనక నిలబడ్డాడు. ఆమె గుమ్మం దాటి, మెట్లెక్కి, మధ్యలో ఉన్న ఒక చిన్న గది తలుపు తెరిచింది. కిటికీ పక్కన ఒక బల్ల, ఎదురుబొదురుగా రెండు కుర్చీలు. ఇంకేమీ లేవు.

"మావయ్య ముందుగా కట్టింది ఈ గది," అంది. "వాడికి తీరినప్పుడు వచ్చి నా ఎదురుగా కూర్చుంటాడన్నారు. మిగతా ఇల్లంతా దీని చుట్టూ తర్వాత కట్టారు. మీకు చెప్పొద్దన్నారు, మీ అంతట మీరే వచ్చి చూడాలని."

టీచరమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు. కొడుకు ఏడవడం చూసి అమ్మడు కిటికీ వైపు తిరిగింది. పోస్టుమాస్టరు లేచి, ఎవరికీ చెప్పకుండా వెళ్లిపోయారు.

రేపటి ప్రయాణం మానుకొమ్మని టీచరమ్మ కోడల్ని అడిగారు. ఆమె ఆవిడ చెయ్యి తన చేతిలోకి తీసుకుంది.

"వెళ్తాను అత్తయ్యా. వెళ్లగొడితే వెళ్లడం వేరు, నేనుగా వెళ్లడం వేరు. తిరిగి ఎప్పుడొస్తానో మీకు ఫోను చేసి చెప్తాను."

తర్వాత కుర్చీ ఖాళీ చేసి భర్తకి చూపించింది. "ఊళ్లోవాళ్లకి మాత్రం మీరే చెప్పండి. మీ ఐడీతో."

అతను కూర్చున్నాడు. నలభైమందికీ కనిపించే చోట నాలుగు మాటలు టైపు చేసి, రెండుసార్లు చెరిపి, మళ్లీ చేసి పంపాడు. నాన్న ఇల్లు తీసేసింది నేను. నా భార్య కాదు. చదివినవాళ్ల పేర్లు ఒకటొకటిగా తెర పక్కన రావడం మొదలైంది. అతను వెనక్కి తిరిగి చూశాడు. కోడలు అక్కడ లేదు, బట్టలు సర్దుకోవడానికి అప్పటికే లోపలి గదిలోకి వెళ్లిపోయింది.