ఎసెరిన్ చుక్కలు

చెప్పండర్రా, మందు సీసా మీద ఉన్న పేరుకి అర్థం ఏమిటని మీలో ఎవరైనా ఎప్పుడైనా అడిగేరా? పారాసిటమాల్ అంటే ఏమిట్రా కళ్యాణ్? జ్వరం బిళ్ళా? అది దేనికి వాడతారో చెప్పేవు. నేనడిగింది పేరుకి అర్థం. వాడకం వేరు, అర్థం వేరు. కావ్యా, జడ నోట్లో పెట్టుకోకు, ఇలా చూడు. ఈ రెండూ ఒకదాంట్లో ఒకటి కలిసిపోయిన ఇల్లొకటుంది, రాజోలు అవతల, పంటకాలవ పక్కన.

ఆ ఇంటి కోడలు సత్యదుర్గ మా బళ్ళోనే, నా దగ్గరే పదో తరగతి చదివింది. నేను చెప్పేది తొంభై నాలుగు నాటి సంగతి. భర్త తాతారావు కొబ్బరికాయల లారీతో ఉత్తరాదికి వెళ్ళేడంటే వారాల తరబడి వచ్చేవాడు కాదు. ఇంట్లో తనూ, అత్తగారు అచ్చమ్మగారూ, పెరట్లో కొబ్బరికాయల రాశీ. వానాకాలం వస్తే నానిన పీచు వాసన ఇల్లంతా పట్టేసేది.

అచ్చమ్మగారికి కళ్ళలో నీటికాసులు. అంటే ఏమిటి? కంటి లోపల నీరు బయటికి పోయే దారి మూసుకుపోయి, ఒత్తిడి పెరిగి, చూపుని నొక్కేసే జబ్బు. పోయిన చూపు మళ్ళీ రాదు. ఉన్నది నిలబెట్టుకోవడమే. ఆవిడకి ఒక కన్ను అప్పటికే పోయింది. రెండోది అమలాపురంలో ఓ ముసలి డాక్టరుగారిచ్చిన చుక్కల మందు మీద నిలబడి ఉంది. సీసా మీద ఎసెరిన్ అని ఒకే ఒక్క మాట. ఆ డాక్టరుగారు కాస్తా ఊరు విడిచి వెళ్ళిపోయేరు. సీసా అడుగంటింది.

ఇంక చూడండి సత్యదుర్గ పాట్లు. రాజోల్లో అడిగితే, "అదెక్కడి మందండీ?" అన్నారు. మలికిపురంలో, "ఎవరు రాసేరండీ ఇది?" అన్నారు. అమలాపురంలో ఒకాయన ఖాళీ సీసాని వెలుతురుకి ఎత్తి, ఇటు తిప్పి అటు తిప్పి, "ఈ పేరుకి అర్థం ఏంటమ్మా?" అని ఎదురు ఆమెనే అడిగేడు.

"అర్థం తెలిస్తే మీ కొట్టుకెందుకొస్తానండీ? నేనే ఓ కొట్టు పెట్టుకుంటాను కదా!" అని విసురుగా బస్సెక్కేసింది.

కొత్త డాక్టరు వేరే చుక్కలు రాసిచ్చేడు. అచ్చమ్మగారు ఒక్కసారి వేయించుకుని, "మిరపకాయ పిండినట్టుందే! మొగుడు ఊళ్ళో లేడని నన్ను చంపేద్దామనుకున్నావా?" అని సీసా తీసి పెరట్లోకి విసిరేసింది. సత్యదుర్గ గిన్నెలు కాస్త గట్టిగా తోముకుంది.

చివరికి కొత్తపేటలో, ఓ పాత మందుల కొట్లో దొరికింది. నారాయణమూర్తిగారని, పెద్దాయన. చెక్క బీరువా వెనక్కి చెయ్యి పెట్టి, దుమ్ము ఊది, "ఆయ్, ఉందమ్మా. ఇదే ఆఖరుది. ఇంక కంపెనీ వాళ్ళు పంపడం లేదు" అన్నారు.

ప్రాణం లేచొచ్చింది సత్యదుర్గకి. "ఇంతకీ ఈ పేరేమిటండీ బాబూ? ఊరూరా నన్ను వెర్రిదాన్ని చేసింది" అంది.

ఆ మాటతో పెద్దాయనకి హుషారు పుట్టింది. "ఆఫ్రికాలో కాలబార్ అని ఒక చోటుందమ్మా. అక్కడ వాగుల పక్కన పాకే తీగకి చిక్కుడు గింజలాంటి గింజ కాస్తుంది. దాన్ని అక్కడివాళ్ళు ఎసెరె అంటారు. ఎవరిమీదైనా నేరం మోపితే, ఆ గింజ నూరి నీళ్ళలో కలిపి తాగించేవారట. తప్పు చెయ్యనివాడు జంకు లేకుండా ఒక్క గుక్కలో తాగేస్తాడు. కడుపు తిప్పి మొత్తం కక్కేస్తాడు, బతుకుతాడు. తప్పు చేసినవాడు భయపడి కొంచెం కొంచెం చప్పరిస్తాడు. అది లోపలే ఉండిపోయి ప్రాణం తీస్తుంది. దొరలు ఆ గింజలోంచి మందు తీసి, పేరు కూడా అదే ఉంచేసేరు."

"అమ్మో! మరి కంట్లో వెయ్యొచ్చాండీ?"

"శుభ్రంగా వెయ్యొచ్చు. కంటిపాప సూదిమొనంత అవుతుంది, ఒత్తిడి తగ్గుతుంది. కాసేపు మసగ్గా ఉంటుంది, కంగారు పడకండి. నోట్లోకి మాత్రం పోనివ్వకండి."

ఆ సాయంత్రం అరుగు మీద కూర్చోబెట్టి చుక్క వేసింది. సగం కంట్లో పడింది, సగం చెంప మీదకి జారింది. అచ్చమ్మగారు కన్ను ఆర్పి, తెరిచి, ఎదురుగా చూసింది.

"కాలవ గట్టు మీద ఎవరే అది?"

"ఎవరూ లేరత్తయ్యగారూ."

"చీర తడిసిపోయి ఉంది. పిండుకోదేం?"

"మందు వేస్తే మసకేస్తుందని చెప్పేరండి కొట్లో."

"మసకేసిన సంగతి నాకు తెలీదూ? నువ్వు కనబడ్డం లేదు. అది మాత్రం కనబడుతోంది."

మర్నాడు చుక్క పడగానే కొబ్బరికాయల రాశి పక్కన నిలబడిందంది. ఆ మర్నాడు అరుగు మెట్ల దగ్గర. అప్పుడే సత్యదుర్గకి ఒక వాసన తగిలింది. పీచు వాసన కాదు, వాన వాసన కాదు. కర్పూరం కాలిన వాసన. ఇంట్లో దీపం కూడా పెట్టలేదింకా.

"ఎవరండీ ఆవిడ? మీకు తెలుసా?"

"అప్పలమ్మ" అంది అచ్చమ్మగారు.

సత్యదుర్గ కాపురానికి రాక ముందు ఆ ఇంట్లో పనిచేసిన మనిషి. ఒకనాడు అచ్చమ్మగారి ముక్కుపుడక కనబడలేదు. అప్పలమ్మని వాకిట్లో నిలబెట్టేరు. అక్కడి పద్ధతేమిటంటే, అరచేతిలో కర్పూరం వెలిగించి, గుప్పిట మూసి ఆర్పుతూ ప్రమాణం చెయ్యాలి. చేసింది. "నేను తియ్యలేదమ్మగారండీ" అంది. చేతికి బొబ్బ లేచింది. బొబ్బ లేచింది కాబట్టి దొంగే అని తేల్చేసి, గెంటేసేరు. నిప్పుకి చర్మం కాలక ఏమవుతుందర్రా? అది ఒక్కరికీ తట్టలేదు. ఆ ఏడు వరదలో అప్పలమ్మ పాక పోయింది, దాంతో పాటు అప్పలమ్మా పోయింది.

"మరి ముక్కుపుడక దొరికిందా తరవాత?"

అచ్చమ్మగారు గోడ వైపు తిరిగి కూర్చుంది. ఎన్నిసార్లు అడిగినా అదే. అవునని అనదు, కాదని అనదు. సత్యదుర్గకి విసుగు నెత్తికెక్కింది. "సరిపోయింది. మనకి కర్పూరం, వాళ్ళకి ఎసెరె. ఎక్కడైనా మనుషులు ఒకటే" అని, నారాయణమూర్తిగారు చెప్పిందంతా పూసగుచ్చినట్టు చెప్పేసింది.

అచ్చమ్మగారు ఇటు తిరిగింది. "తప్పు లేకపోతే కక్కేస్తారా?"

"అని వాళ్ళ నమ్మకం."

"ఒక్క గుక్కలో తాగాలా?"

"పడుకోండి అత్తయ్యగారూ!"

ఎందుకొచ్చిన గోలని సత్యదుర్గ చుక్కలు ఆపేసింది. అప్పలమ్మ కనబడ్డం మానేసింది. కానీ కన్ను నిప్పుకణికయింది. బల్బు చుట్టూ రంగుల వలయాలు కనబడుతున్నాయని ముసలావిడ తల గోడకేసి కొట్టుకుంది. వెయ్యకపోతే చూపు పోతుంది. వేస్తే అది దగ్గరికొస్తుంది. ఎవరితో చెప్పుకుంటుంది? చెప్తే నవ్వుతారు. చేసేది లేక మళ్ళీ వేసింది.

"ఎక్కడుందండీ?" అని గొణిగింది.

"గడప అవతల."

చుక్కలు ఆపిన రోజుల్లో అది ఆగలేదన్నమాట.

మర్నాడు సాయంత్రం ముసురు పట్టింది. కరెంటు పోయింది. సత్యదుర్గ పెరట్లో తడుస్తున్న కొబ్బరి డొక్కలు చూరు కిందకి లాగుతోంది. వీధి గదిలోంచి గుసగుస వినబడింది. అత్తగారి గొంతు.

"దొంగవి కాకపోతే తాగు... తాగవే..."

సత్యదుర్గ చేతులు ఆగిపోయేయి.

గుటుక్... ఒకటే గుక్క. తరవాత డోకు. ఎవరో పేగులు తెగేలా కక్కుతున్నారు. మళ్ళీ నిశ్శబ్దం. చూరు నీళ్ళ చప్పుడొక్కటే.

లాంతరు పట్టుకుని పరిగెత్తింది. గడపకి ఇవతల అచ్చమ్మగారు చతికిలబడి ఉంది. ఆవిడ మూతి పొడిగా ఉంది. చీర పొడిగా ఉంది. గడప అవతల స్టీలు గ్లాసు బోర్లా పడి ఉంది. మెట్టు మీద ఏదో నురగ... వెచ్చగా ఆవిరి వస్తోంది. కర్పూరం వాసనకి ఊపిరాడ్డం లేదు.

"సగం దానికి పోసేనే దుర్గా" అంది అచ్చమ్మగారు, పిల్లలు చాడీ చెప్పినట్టు. "మొత్తం కక్కేసింది."

"అత్తయ్యగారూ, ఆ సీసా ఇలా ఇవ్వండి..."

"ఇప్పుడు నా వంతంట."

సీసా పెదాల దగ్గరికి వెళ్ళింది. ఒక్క గుక్కలో కాదు. నాలిక కొస... మెల్లిగా... బయటికొచ్చింది.

సత్యదుర్గ సీసా లాగింది. ముసలావిడ వదల్లేదు. ఆ చేతుల్లో అంత బలం ఎక్కడిదో! దుర్గకి తెలుసు, అదే ఆఖరు సీసా. దాంట్లో ఉన్నది అత్తగారి చూపు. వేళ్ళు ఒక్కొక్కటే విడదీసి, లాక్కుని, వానలోకి పరిగెత్తి, కాలవలోకి విసిరేసింది.

ఆ తరవాత ఏ డాక్టరు ఏ మందిచ్చినా అచ్చమ్మగారు దగ్గరికి రానివ్వలేదు. దసరా దాటేసరికి ఆ కన్నూ పోయింది. సత్యదుర్గ ఏడ్చింది. ఏడ్చి, పోన్లే, ఇంక అప్పలమ్మ కనబడదు కదా, మనిషి మిగిలింది అనుకుంది.

కార్తీకంలో ఒక సాయంత్రం కాలవ నించి బిందెతో వస్తోంది. అరుగు మీద అత్తగారు కూర్చుని ఉంది. తల వెనక్కి వాల్చి, మొహం పైకెత్తి. చేతులు రెండూ ఒళ్ళోనే ఉన్నాయి. పక్కన ఎవరూ లేరు.

కింది రెప్ప మాత్రం... కిందికి లాగి ఉంది. చెంప మీద బొటనవేలు నొక్కినంత గుంట.

"ఏం... ఏం చేస్తున్నారత్తయ్యగారూ?"

"ష్... కదిలించకు" అంది అచ్చమ్మగారు, పెదాలు మాత్రమే కదిలేలా. "నువ్వేస్తే సగం చెంపల పాలయ్యేది. ఇది చూడు... ఒక్క చుక్క ఒలకనివ్వదు."

అది ఏం చుక్కో, ఎక్కడిదో నాకు తెలీదురా కళ్యాణ్. తెలియనిదానికి అర్థం చెప్పను. కావ్యా, కొంగు వదులు. రోట్లో మినప్పప్పు సగమే రుబ్బేను, పొద్దున్న ఇడ్లీ కావాలంటే లేవనివ్వండి నన్ను.