పిల్లి బొమ్మ తాయెత్తు

మిట్టమధ్యాహ్నం! ఏడాది చివరి చెడ్డరోజుల్లో ఆఖరిది... మహమ్మారి బాణాలు గాలిలో తిరుగాడే రోజు! బస్తెత్ దేవత కొలువైన ఆ నగరంలో ఒక్క తలుపూ తెరిచి లేదు. నిప్పులు చెరిగే ఆకాశంలో గద్దలు కర్ణకఠోరంగా అరుస్తున్నాయి.

"అక్కా, నా తాయెత్తు చూశావా?" గదిలోంచి రెన్పెత్ మూలిగింది. "పిల్లి, దాని ఒళ్లో కూన ఉంటాయి చూడు... నొప్పులు మొదలయ్యాయి, అది లేకపోతే భయంగా ఉందక్కా!"

"నీ నగలకు నేను కాపలానా? కడుపు చూసుకుని మురిసిపోతుంటే ఎక్కడో జారిపోయుంటుంది, పో!" అంది తఖాత్. తాయెత్తు ఆమె గుప్పిట్లోనే ఉంది.

అసూయతో ఆమె కడుపు రగిలిపోతోంది. ఇన్నేళ్ల కాపురంలో తనకు ఒక్క కాన్పూ లేదు. నిన్నగాక మొన్న వచ్చిన చిన్నపెళ్లాం బిడ్డను కంటే, మొగుడు పెదీసె ఇక తన మొహం చూస్తాడా? ఆ బిడ్డ భూమ్మీద పడకూడదు... అంతే!

నేలమాళిగలోకి దిగింది. అక్కడ తాతలనాటి శిలావిగ్రహం... సింహముఖి! పూర్వం బస్తెత్ శత్రురక్తం తాగిన ఉగ్రమూర్తి. రానురాను జనం ఆమెకు పిల్లి ముఖం పెట్టి, పాలు పోసి, పిల్లలతల్లిగా ముద్దు చేయసాగారు. మూలపడ్డ ఆ విగ్రహాన్ని చూస్తే తఖాత్‌కు తన బతుకే కనిపించేది.

విగ్రహం ముందు పెట్టిన సింహపు పుర్రె కనుగుంటల్లో నిప్పులు పోసి, మాంత్రికుడైన తండ్రి నేర్పిన మారణమంత్రం జపించింది.

"తల్లీ! నీ పీట ఆ పాలుతాగే పిల్లి కాజేసింది! నీకూ నాకూ సవతిపోరే. లే! దాన్ని నమ్ముకున్న ఆ రెన్పెత్‌ను కడుపులో బిడ్డతో సహా నమిలెయ్!"

తాయెత్తును రాతిమీద పెట్టి బండతో మోదింది. కూన బొమ్మ ముక్కలైంది.

భూమి కంపించింది... పుర్రె దవడలు తెరుచుకున్నాయి... సింహగర్జన!

"పైన గదిలో ఉంది! వెళ్లు!" తఖాత్ ఆనందంతో కేక పెట్టింది.

విగ్రహం కదిలింది, కానీ పైకి వెళ్లలేదు. వంగి, పగిలిన కూనను నాలుకతో నాకింది. ఆ ముఖం ఒక క్షణం పిల్లి, మరుక్షణం సింహం... రెంటికీ అవే కళ్లు!

"సవతెవరే? అదీ నేనే!" అంది ఆ భయంకర కంఠం. "నా బిడ్డమీదే చెయ్యి వేశావా?"

తఖాత్ ఆర్తనాదం గొంతులోనే తెగిపోయింది.

కాసేపటికి మాళిగ మెట్లమీదుగా ఒక పిల్లి మూతి నాక్కుంటూ పైకి వచ్చింది. గదిలో పసికందు కేరుమంది.

"ఆడపిల్లక్కా!" రెన్పెత్ నీరసంగా పిలుస్తోంది. "ఎక్కడున్నావు? ముందు నీ ఒళ్లోనే పెట్టాలని ఎదురుచూస్తున్నా... త్వరగా రా అక్కా!"