మేడ మీది ఖర్జూర పాకం

లెక్చరరు గారి వాచీలో, గంటల ముల్లు కింద నుంచి ఒక చీమ నడుచుకుంటూ వెళ్తోంది.

వాచీల మెకానిక్ కంటికి పెట్టుకున్న భూతద్దం తీసి, కళ్ళు నులుముకుని, మళ్ళీ పెట్టుకున్నాడు. చీమ అక్కడే ఉంది. దాని వెనకే ఇంకొకటి. శుభ్రంగా తుడిచి అద్దం బిగించిన వాచీ అది. తలెత్తి చూస్తే, మేడ మీది బాల్కనీ నుంచి షాపు కిటికీ దాకా చీమలు బారులు తీరి దర్జాగా దిగుతున్నాయి.

అతను నెమ్మదస్తుడు. కోపం కూడా తీరిగ్గా వస్తుంది. వచ్చిన కోపం మెట్లెక్కేసరికి సగం చల్లారింది. తలుపు తీసిన అమ్మాయిని చూశాక మిగతా సగం ఎటు పోయిందో అతనికే తెలియదు.

ఆమె చేతులు మోచేతుల దాకా గోధుమరంగు గుజ్జుతో నిండి ఉన్నాయి. ముక్కు మీద కూడా ఒక చుక్క.

"మీ చీమలు మా షాపులోకొచ్చి వాచీల్లో దూరుతున్నాయండీ," అన్నాడు.

"మా చీమలా? నేనేమన్నా వాటిని పేర్లు పెట్టి పెంచుకుంటున్నానా?"

"పెంచుకోకపోయినా విందు భోజనం పెడుతున్నారు. అటు చూడండి."

బాల్కనీ గ్రిల్‌కి పల్చటి బట్టతో కట్టిన మూట వేలాడుతోంది. దాని కింద పెట్టిన గిన్నె ఎప్పుడో నిండి, పొర్లి, గోడ వెంబడి కిందికి కారుతోంది.

"అయ్యయ్యో, నా రసం!" అని ఆమె పరుగెత్తింది. వాచీ సంగతి ఒక్క ముక్క అడగలేదు.

ఖర్జూరాల గింజలు తీసి వేడినీళ్ళలో నానబెట్టి, మెత్తగా పిసికి, బట్టలో వడకట్టి, ఆ రసాన్ని సన్నటి సెగ మీద పాకంలా మరిగించడం ఆమె పని. చక్కెరకి బదులు కేకుల్లో, బిస్కెట్లలో వాడతారు. రొట్టె మీద రాసుకుంటారు. దీని కోసం బ్యాంకు ఉద్యోగం మానేసిందని తెలిసి ఆమె అన్నయ్య నెత్తీ నోరూ బాదుకున్నాడట. కనీసం ఒక్క బేకరీ అయినా ఆర్డరు ఇస్తే సరే, లేకపోతే నెలాఖరుకి వచ్చి తన ఊరికి తీసుకుపోతానన్నాడు. ఆమె ఒప్పుకుంది.

ఇదంతా ఆ సాయంత్రం షాపు వెనక గదిలో, మెకానిక్ తల్లికి ఆమే చెప్పింది. క్షమాపణగా ఒక సీసా తెచ్చింది. ఆవిడకి షుగరని తెలియగానే సీసాని వెనక్కి లాక్కుంది.

"మీకొద్దండీ. పండులోంచి వచ్చినా ఇదీ తీపే. ఒంట్లోకి వెళ్ళాక చక్కెర ఏం చేస్తుందో ఇదీ అదే చేస్తుంది."

"సొంత సరుకుని వద్దనే వ్యాపారస్తురాలిని నిన్నే చూశానమ్మాయ్," అని ఆవిడ నవ్వింది. ఆమె వెళ్ళాక కొడుకు వైపు తిరిగి, "ఒరేయ్, పిల్ల బాగుంది," అంది.

"చీమలు మాత్రం బాగోలేవు," అన్నాడు కొడుకు, మెట్ల వైపే చూస్తూ.

ఆ తర్వాత చీమలు రావడం మానేశాయి. అయినా చీమల్ని చూసే మిషతో అతను మేడ మీదికి వెళ్ళడం మానలేదు.

ఇబ్బంది ఎక్కడంటే, ఆమె పాకం ఏ రెండు సార్లూ ఒకేలా వచ్చేది కాదు. వీధి చివర బేకరీ నడిపే ఆంటీ రుచి చూసి మెచ్చుకుంది కానీ, "మొన్నటిది నీళ్ళు, నిన్నటిది రాయి. చెంచా విరిగింది తల్లీ! రెండు సీసాలు ఒకేలా చేసి తీసుకురా, అప్పుడు మాట్లాడదాం," అని పంపేసింది.

ఆ ఆదివారం వాన. షాపుకి ఎవరూ రాలేదు. అతను మేడ మీది వంటింట్లో స్టూలు మీద కూర్చుని ఉన్నాడు. ఆమె గరిటె తిప్పుతోంది, ముఖం ఎర్రగా కందిపోయింది.

"అయిందా?"

"ఎక్కడ? ఇంకా పల్చగానే ఉంది."

"నన్ను రుచి చూడమంటారా?"

"అందుకేగా మీరొచ్చింది."

గరిటె అంచు నుంచి ఒక చుక్క పట్టుకోవడానికి అతనికి ప్లేటు దొరకలేదు. జేబులో కొత్త వాచీ అద్దం ఉంది, కాస్త గుంటగా ఉన్న గాజు బిళ్ళ. దాన్ని తుడిచి పట్టాడు. చుక్క పడింది. సరిగ్గా అప్పుడే అమ్మ కేకేస్తే కిందికి వెళ్ళాడు. తిరిగొచ్చి అద్దాన్ని నాలుక మీద వంచుకుంటే ఏమీ పడలేదు. అటూ ఇటూ ఊపాడు. ఊహూఁ.

"మీ పాకానికి నా నోరు నచ్చలేదండీ."

ఆమె అద్దం లాక్కుని, వంచి, వేలితో గీసి చూసింది. గీత అలాగే నిలబడింది. ఒక్క ఉదుటున స్టవ్ కట్టేసింది.

"పొయ్యి మీద చిక్కబడేదాకా చూస్తున్నాను నేను! అది చల్లారాక కదా చిక్కబడేది! రాయి అవక ఏమవుతుంది? బుద్ధిలేనిదాన్ని." నెత్తి మీద మొట్టికాయ వేసుకుంది. "ఆ అద్దం ఇక్కడే ఉంచండి. ఇంకో నాలుగుంటే ఇవ్వండి."

నవ్వింది. వాన పడుతున్న కిటికీ పక్కన చేతిలో గాజు బిళ్ళతో ఆమె అలా నవ్వుతుంటే, ఈ మనిషి వెళ్ళిపోకూడదని అతనికి మొదటిసారి స్పష్టంగా అనిపించింది. చెప్పడానికి నోరు తెరిచాడు కూడా.

"అద్దాలు చాలా ఉన్నాయి," అని మాత్రం అన్నాడు.

చల్లటి అద్దం మీద చుక్క వేసి చూసుకుంటూ చేస్తే, సీసా తర్వాత సీసా అక్కచెల్లెళ్ళలా ఒకేలా వచ్చాయి. ఆంటీ రెండు సీసాల్నీ పక్కపక్కనే వంచి చూసి సరే అంది. కానీ ఒక చిన్న షరతు పెట్టింది. సీసా మీద 'షుగరున్నవాళ్ళు నిశ్చింతగా తినవచ్చు' అని రాయాలట. అలా రాస్తేనే నాలుగు సీసాలు కదులుతాయట.

ఆమె ఆలోచిస్తానని చెప్పి వచ్చి, మెట్ల మీద కూలబడింది. విషయం విన్న మెకానిక్ వెంటనే అన్నాడు.

"రాసేయండి. అందరూ రాసేదేగా? ఏం పోతుంది?"

ఆమె అతని వైపు తిరిగింది.

"మీ అమ్మగారికి పోస్తారా రోజూ? నిశ్చింతగా?"

అతను తలొంచుకున్నాడు.

"మీరు వాచీ బాగుచేయకుండా చేశానని చెప్పరు కదా. అందుకే మీరంటే నాకు గౌరవం." లేచి నిలబడింది. "ఉండేది, ఇప్పటిదాకా."

తలుపు గట్టిగా ఏమీ వేయలేదు. మామూలుగానే వేసింది. అదే అతన్ని ఎక్కువ బాధపెట్టింది.

ఆమె ఆంటీకి కుదరదని చెప్పేసింది. ఆర్డరు పోయింది. ఆ వారమంతా మేడ మీద నుంచి పాకం వాసన రాలేదు. అతను ఒక గోడ గడియారాన్ని విప్పి, బిగించి, మళ్ళీ విప్పాడు. తప్పు ఎక్కడ చేశాడో అతనికి బాగా తెలుసు. ఆమె ఉండిపోవాలన్న ఆశలో, ఆమెలో తనకి అన్నిటికన్నా నచ్చినదాన్నే వదులుకోమన్నాడు. మెట్లెక్కి ఆ మాట చెప్పడానికి మాత్రం కాళ్ళు రాలేదు.

నెలాఖరున అన్నయ్య వచ్చాడు. భారీ మనిషి. రెండు చేతులా సంచులతో ఆయాసపడుతూ మెట్లు దిగుతుంటే, వెనకాల ఆమె సీసాల పెట్టె పట్టుకుని దిగుతోంది. షాపు ముందుకి రాగానే ఆగి, "వస్తానండీ పిన్నిగారూ," అంది లోపలికి చూస్తూ. మెకానిక్ భూతద్దంలోంచి తలెత్తలేదు.

తల్లి కొడుకు దగ్గరికొచ్చింది. "ఒరేయ్, వాచీ లేకుండా భూతద్దం ఎందుకు పెట్టుకున్నావురా?"

నిజమే. టేబుల్ మీద ఏమీ లేదు.

అతను లేచి బయటికి నడిచాడు. నుదుటి మీదికి జరిపిన భూతద్దం అక్కడే ఉండిపోయింది. సరాసరి అన్నయ్య ముందు నిలబడ్డాడు.

"అన్నయ్యగారూ, మీ చెల్లెల్ని తీసుకెళ్ళకండి. ఆవిడంటే నాకు ఇష్టం. చాలా ఇష్టం."

అన్నయ్య సంచులు కింద పెట్టాడు. చెమట తుడుచుకున్నాడు.

"దానికి ఇష్టమేనా?"

"అడగలేదండీ."

"దాన్ని అడక్కుండా నన్నడిగితే నేనేం చెప్పను బాబూ? పెళ్ళిచూపులు నాకా?"

వెనక నుంచి మెకానిక్ తల్లి ఫక్కున నవ్వింది. అతను ఆమె వైపు తిరిగాడు. ఆమె నవ్వడం లేదు.

"ఆ రోజు అబద్ధం రాయమన్నారు," అంది.

"అన్నాను. తప్పే. మా అమ్మకి పోయనిదాన్ని ఇంకొకళ్ళ అమ్మకి పోయమన్నాను. మీరు వెళ్ళిపోతారన్న భయంతో ఏదొస్తే అది అనేశాను. భయమని చెప్పాల్సింది. చెప్పే ధైర్యం లేక మిమ్మల్ని అబద్ధం చెప్పమన్నాను." ఊపిరి పీల్చుకున్నాడు. "ఆర్డరు లేకపోయినా ఉండండి. పాకం చేసినా, మానేసినా ఉండండి. నాతో మాట్లాడకపోయినా పర్లేదు, మేడ మీద ఉండండి."

వీధిలో ఎవరో సైకిలు బెల్లు కొట్టుకుంటూ వెళ్ళారు. ఆమె చేతిలో పెట్టె బరువుగా ఉన్నట్టుంది, ఒకసారి సర్దుకుంది. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి, తుడుచుకోవడానికి చెయ్యి ఖాళీ లేదు.

"ఉద్యోగం చేస్తే ఉండు అంది, బ్యాంకులో చేసేటప్పుడు నన్ను ఇంట్లో ఉంచుకున్న అత్త. ఆర్డరు వస్తే ఉండు అన్నాడు అన్నయ్య. అబద్ధం రాస్తే తీసుకుంటానంది ఆంటీ," అంది మెల్లగా. "ఏమీ అడక్కుండా ఉండమన్నది మీరొక్కరే."

"ఏయ్, నేను నీ మంచికే కదా..." అన్నయ్య మొదలుపెట్టి మధ్యలో ఆగాడు. "నిజమే. అడిగే తీరు నాకూ తెలీదు," అన్నాడు.

"రేపు ఇంకో బేకరీకి వెళ్తాను అన్నయ్యా. ఈయన ఉండమన్నారని కాదు. నా పాకం బాగుంది, అందుకని."

"మరి ఈయన సంగతి?" అన్నాడు అన్నయ్య.

ఆమె సీసాల పెట్టెని మెకానిక్ చేతుల్లో పెట్టింది. ఖాళీ అయిన చేతులతో కళ్ళు తుడుచుకుని, అతని నుదుటి మీద వేలాడుతున్న భూతద్దాన్ని తీసి, అతని చొక్కా జేబులో జాగ్రత్తగా పెట్టింది.

"నాకూ ఇష్టమే," అంది. "ముందు ఆ పెట్టె పైకి తీసుకెళ్ళండి."

అన్నయ్య సంచుల వైపు, మెట్ల వైపు మార్చి మార్చి చూశాడు.

"మళ్ళీ ఇవన్నీ పైకా?" అని నిట్టూర్చి, సంచులు ఎత్తుకుని, కాబోయే బావగారి వెనకే మెట్లెక్కడం మొదలుపెట్టాడు.