తేనెపెట్టె మీద మూడు దెబ్బలు

మేజర్ లాన్సలాట్ ఫ్రేన్ పేరు వింటే హొరేస్ పిల్బీమ్‌కి నోట్లో చేదు ఊరుతుంది. ఊరికే కాదు. కొన్నేళ్ళ కిందట ఒక పరాయి రేవులో యువరాజు మీదికి దూసుకొచ్చిన కత్తిని హొరేస్ తన భుజంతో ఆపాడు. ఆసుపత్రి మంచం దగ్గరికి యువరాజు కబురు వచ్చింది: విండ్సర్ పార్కు అంచున తోటమాలి ఇల్లొకటి ఖాళీగా ఉంది, నేనున్నంత కాలం అది నీదే అని. పన్నెండేళ్ళకే బడి మానేసి బొగ్గుల బండి తోలినవాడు హొరేస్. ఆ ముక్కే కాగితం మీద రాసిమ్మని అడుగుదామనుకున్నాడు. గూఢచారి శాఖలో అతని పై అధికారి ఫ్రేన్ అడ్డుపడ్డాడు.

"రాజకుటుంబం మాటకి కాగితం అడుగుతావుటయ్యా? సిగ్గు లేదూ?"

హొరేస్ సిగ్గుపడి ఊరుకున్నాడు. ఆ సిగ్గే కొంప ముంచింది.

ఆ ఇంట్లోనే భార్య విన్నీ కాపురం చేసింది. ఆ ఇంట్లోనే కిందటి చలికాలం న్యుమోనియాతో పోయింది. పోయిందన్న మాటేగాని, కెటిల్ కూత పెట్టబోయే ముందు వంటింట్లో ఎవరో ఊపిరి పీల్చినట్టవుతుంది. మెట్ల మీద గౌను అంచు రాసుకున్న చప్పుడవుతుంది. హొరేస్‌కి దయ్యాల మీద నమ్మకం లేదు. అయినా రెండో కప్పు తీసి బల్ల మీద పెడతాడు. అతన్ని పీడించేది వేరే ఉంది. ఆమె మొహం కళ్ళకు కట్టినట్టే ఉంది గాని, గొంతు చెరిగిపోతోంది. ఎంత గింజుకున్నా చెవికి రావడం లేదు. ఆ ఇంట్లోనే ఉంటే ఏదో ఒక రోజు మళ్ళీ వినబడుతుందని ఆశ.

డిసెంబరు నెలలో ఒక బుధవారం పొద్దున ఫ్రేన్ లండన్‌కి పిలిపించాడు.

ఆనాటి యువరాజు ఈ ఏడే రాజయ్యాడు. ఆఫీసులో ఆయన్ని పేరుపెట్టి అనరు. కోడ్ మాట "అద్దెదారు". సింహాసనం "ఇల్లు". రాజుగారు ఎవర్ని పెళ్ళాడతానని మంత్రులతో ఇంత గొడవ పడుతున్నాడో, ఫ్రాన్సులో కాన్స్ ఊళ్ళో తలదాచుకున్న ఆ అమెరికన్ ఆవిడ "పార్సెల్".

ఫ్రేన్ తలుపు వేసి వచ్చాడు.

"అద్దెదారు రేపు పొద్దున ఇల్లు ఖాళీ చేస్తున్నాడు. సంతకాలు పెట్టేస్తాడు. బయట పిట్టకి కూడా తెలీదు."

హొరేస్ కుర్చీ చేతిని గట్టిగా పట్టుకున్నాడు. నేనున్నంత కాలం అన్న మాట చెవిలో గిర్రున తిరిగింది.

"జర్మన్ ముఠాకి మాత్రం వాసన తగిలింది," అన్నాడు ఫ్రేన్. "వాళ్ళకి ఈయన ఉండాలి. మంత్రులతో కొట్లాడుతూనే ఉండాలి. దేశం నిలువునా చీలితే వాళ్ళకి పండగ. సంతకం ఆపాలని చూస్తున్నారు."

"ఎలా ఆపుతారట?"

"కాగితాలు తెచ్చే కారుని రోడ్డు మీద కొడతారట. లెనోర్ తెచ్చిన సమాచారం. మనవాళ్ళందర్నీ రోడ్డు పొడుగునా పెట్టాను. నువ్వు నీ గుడిసెలో కూచుని ఎప్పట్లాగే అద్దెదారు ఫోన్ విను."

లెనోర్ ఫేబర్ అమెరికాలో పుట్టింది. ఒకప్పుడు లండన్ స్టేజీ మీద పేరున్న పెద్దవాళ్ళ గొంతులు అనుకరించి జనాన్ని పొట్ట చెక్కలయ్యేలా నవ్వించింది. ఇప్పుడు జర్మన్ల దగ్గర జీతం తీసుకుంటూ వాళ్ళ గుట్టు ఫ్రేన్‌కి అమ్ముతోంది. మగపెళ్ళివారి పంక్తిలోనూ ఆడపెళ్ళివారి పంక్తిలోనూ విస్తరి వేయించుకునే చుట్టం లాంటిది.

"లెనోర్ ఈ మధ్యాహ్నం నీ ఇంట్లో దిగుతుంది. అక్కణ్ణుంచి రోడ్డు కనబడుతుంది. తాళంచెవి ఇచ్చెయ్యి."

"మా ఇంట్లోనా సార్?"

"నీ ఇల్లేమిటయ్యా? అద్దెదారు ఇల్లు."

"అద్దెదారు పోతే మరి నా సంగతి?"

ఫ్రేన్ సిగార్ కొస కొరికి ఉమ్మేశాడు. "ఇలాంటప్పుడు దేశం గురించి ఆలోచించాలి, పిల్బీమ్."

ఇంటికి వచ్చేసరికి మామగారు సైలస్ బల్ల దగ్గర రొట్టె, చీజు, వెనిగర్‌లో ఊరిన ఉల్లిపాయలు ముందు పెట్టుకుని కూచున్నాడు. విన్నీ తండ్రి. ముసలాయనకి చెవుడు. తోటలో తేనెపెట్టెలే ఆయన లోకం. హొరేస్ ఆగలేకపోయాడు. ఆఫీసు రహస్యం ఇంట్లో చెప్పడం అదే మొదటిసారి.

"మామా, రాజుగారు దిగిపోతున్నాడు. రేపే. ఈ ఇల్లు కూడా పోయేట్టుంది."

"ఎందుకంట?"

"ఒక ఆడమనిషి కోసం."

"నేనూ ఒక ఆడమనిషి కోసం మా డార్సెట్ సీమ వదిలేసి వచ్చా. ఒక్క పేపరోడు వెయ్యలా." సైలస్ ఉల్లిపాయ కరకర నమిలాడు. నమిలి నమిలి ఆగిపోయాడు. "అయితే ఈగలకి చెప్పాల."

"ఎవరికీ చెప్పకూడదు మామా! నా ఉద్యోగం పోతుంది."

"ఈగలకి చెప్పకపోతే ఎట్టా? విన్నీ పోయిన పొద్దు చెప్పలా?"

చెప్పాడు. హొరేస్ మరిచిపోలేదు. ఇంట్లో మనిషి పోయినా, యజమాని మారినా పెట్టెల దగ్గరికి వెళ్ళి ఈగలకు కబురు చెప్పడం అక్కడి తేనెగాళ్ళ ఆచారం. తలుపు తాళంచెవితో పెట్టె మీద మూడు దెబ్బలు కొట్టి, వంగి చెబుతారు. ఆ పొద్దున మంచులో ముసలాయన ఒక్కో పెట్టె దగ్గరా వంగి, "మీ విన్నీ పోయిందర్రా, మీరు మాత్రం ఉండండర్రా" అంటూ తిరిగాడు.

"చెప్పకపోతే అలిగి లేచిపోతాయి. అబద్ధం చెప్తే పెట్టెలోనే చస్తాయి," అన్నాడు సైలస్. "పార్కుకి యజమాని ఆయనే కదా. వెళ్ళేవాణ్ణి వెళ్తున్నాడని చెప్పాల."

"సరే, ఎవరూ లేనప్పుడు మెల్లిగా చెప్పుకో."

"చెవిటోడికి మెల్లిగా ఏంది, గట్టిగా ఏంది!"

లెనోర్ బూడిదరంగు బొచ్చుకోటులో, పక్షుల బొమ్మలు వేసుకునే షోకిలా అమ్మగారి వేషంలో దిగింది. కారు దగ్గర్నుంచి ఆమె పెట్టె హొరేసే మోశాడు.

"ఇందులో ఇనుముందా, రంగులున్నాయా?"

"ఆడదాని సామాను ఎప్పుడైనా తేలిగ్గా ఉంటుందా, హొరేస్?" ఆమె నవ్వి వంటింట్లోకి తొంగిచూసింది. "ఇక్కడే కదూ మీ ఆవిడ చేతి కేకు తిన్నాను. ఆరోజు నిన్ను బాగా కేకలేసింది. పాపం, మంచి మనిషి."

హొరేస్ రెండు తాళంచెవుల్లో ఒకటి ఆమె చేతిలో పెట్టి, రెండోది సైలస్‌కి వదిలి బయటపడ్డాడు.

గుడిసె అంటే పార్కులో రాజుగారి కోటకి పోయే టెలిఫోన్ తీగలు నేలలోంచి పైకి లేచే చోట కట్టిన చెక్కగది. హొరేస్ లైన్‌మన్ టోపీ, నూనె మరకల కోటు తగిలించుకున్నాడు. అన్నం బుట్ట అడుగున హెడ్‌ఫోన్లు. గొడుగు పిడి విప్పితే తీగలు కత్తిరించే పట్టకారు. బయట పొగమంచు కిటికీకి అతుక్కుంది.

వారాల తరబడి అతను విన్నవి రెండే గొంతులు. ఫ్రాన్సు నుంచి లైను అధ్వాన్నం. చిటపటలు, ఈలలు, సముద్రం హోరు. ఆవిడ అరిచేది. ఈయన బతిమాలేవాడు. వినబడకపోతే, "ఉన్నావా? ఉన్నావా?" అని చంటిపిల్లాడిలా అడిగేవాడు. మొదట్లో హొరేస్‌కి నవ్వొచ్చేది. తర్వాత్తర్వాత ఇంటికెళ్ళి చీకట్లో కూచున్నప్పుడు అదే మాట తన నోట వచ్చేది. ఉన్నావా?

చీకటి పడుతుండగా లైను గణగణలాడింది.

"కాన్స్ నుంచి ట్రంక్ కాల్," అంది ఆపరేటర్ గొంతు. వెనకే చిటపటలు, ఈలలు. ఆ వెనక ఆవిడ గొంతు, అమెరికన్ యాస, అలవాటైన విసుగు. "త్వరగా పిలవండి. రేపటి సంగతి మాట్లాడాలి."

"ఉండండమ్మా, మనవి చేస్తాను," అన్నాడు రాజుగారి నౌకరు. రిసీవరు బల్ల మీద పెట్టిన చప్పుడు. దూరమవుతున్న అడుగులు.

హొరేస్ మామూలుగా వింటున్నాడు. ఇంతలో ఆ ఈలల అడుగున ఇంకో చప్పుడు. ఇనుము చెక్కకు తగిలిన చప్పుడు. టక్. టక్. టక్. దాని వెంటే చెవిటివాడి మోటుగొంతు, సన్నగా, స్పష్టంగా:

"మీ యజమాని పోతున్నాడర్రా... మీరు మాత్రం ఉండండర్రా..."

హొరేస్‌కి క్షణకాలం ఏదో చచ్చినవాళ్ళ లోకంలోంచి వస్తున్నట్టే అనిపించింది. మరుక్షణం బుర్ర వెలిగింది. కాన్స్‌లో సైలస్ ఎందుకుంటాడు? ఈ కాల్ ఫ్రాన్సు నుంచి కాదు. తన వంటింట్లోంచి. లైను తన తోట మీదుగానే ఈ గుడిసెకి వస్తుంది. కిటికీలోంచి తీగ లాగారు. ఆ బరువు పెట్టె మోసింది తనే. ఈలలు, చిటపటలు అన్నీ వేషాలే. రోడ్డు మీది దాడి కూడా అబద్ధమే. ఆపరేటరూ ఆవిడా, రెండు గొంతులూ లెనోర్‌వే!

ఆమె ఏమంటుందో ఊహించడానికి చదువు అక్కర్లేదు. సంతకం పెట్టావా, నన్ను మరిచిపో. ఆ ఒక్క మాట చాలు. ఆ మనిషి కలం విసిరేసి సింహాసనం పట్టుకుని కూచుంటాడు. తెల్లారేసరికి దేశం రెండు ముక్కలు.

పట్టకారు హొరేస్ చేతిలోనే ఉంది. చెయ్యి మాత్రం కదల్లేదు.

కదలకపోతే ఏమవుతుంది? రాజు ఉంటాడు. ఇల్లు ఉంటుంది. కెటిల్ ముందు ఆ ఊపిరి ఉంటుంది. తను ఏమీ చెయ్యనక్కర్లేదు, పొగమంచులో లైను సరిగా వినబడలేదంటే ఫ్రేన్ నమ్ముతాడు. దేశం! దేశం తనకేం చేసింది?

హెడ్‌ఫోన్లలో, రాజుగారి ఇంటి లోపల అడుగులు దగ్గరవుతున్నాయి. నౌకరువి కావు. పరుగులాంటి నడక. వారాల తరబడి విన్న నడక. ఎవరి గొంతు కోసమో ప్రాణం ఉగ్గబట్టుకుని వస్తున్న మనిషి నడక.

విన్నీ గొంతు ఒక్కసారి వినడానికి తను కూడా అలాగే పరిగెత్తేవాడు. పరిగెత్తి వస్తే అక్కడ ఉన్నది విన్నీ కాకపోతే?

రిసీవరు పైకి లేచింది. ఊపిరి వినబడింది. లెనోర్ నోరు తెరిచింది.

హొరేస్ కత్తిరించాడు.

ఎన్నడూ లేనంత నిశ్శబ్దం.

అతను పొగమంచులో పడి ఇంటివైపు పరుగెత్తాడు. తోటలో సైలస్ తాళంచెవి ఝళిపిస్తూ చిందులు తొక్కుతున్నాడు. "ఎవరో ఇద్దరు కిటికీలోంచి దూకారల్లుడూ! గాడిద కొడుకులు పెట్టెని తన్ని పోయారు! రోడ్డేపు పోయారు!"

రోడ్డు వైపు ఈలలు, అరుపులు. ఫ్రేన్ తన మనుషుల్ని తప్పుచోట కాపలా పెట్టాడు. ఆ ఇద్దరూ నేరుగా ఆ తప్పులోకే పరుగెత్తారు.

వంటింట్లో లెనోర్ విన్నీ కుర్చీలో కూచుని ఉంది. బల్ల మీద తీగలు, మీటలు, ఈలలు వినిపించే గ్రామఫోను రికార్డు. ఆమె చేతిలో చిన్న పిస్తోలు.

"తెంచావా?" ఆమెకు నిజంగానే ఆశ్చర్యం. "ఎంచుకుని ఎంచుకుని నీ ఇల్లే ఎంచుకున్నాను. కనిపెట్టినా నువ్వు ఊరుకుంటావని పందెం కాశాను. ఎందుకు తెంచావు?"

"నీ గొంతు బాగుంది. ఆవిడదే అనుకున్నాను."

"మరి?"

"అందుకే తెంచాను. పిస్తోలు కింద పెట్టు. రోడ్డు నిండా మా వాళ్ళే."

"తోట వెనక ఎవరూ లేరుగా?" ఆమె లేచింది. హొరేస్ వెనక తలుపుకి అడ్డంగా నిలబడ్డాడు. కాలిస్తే రోడ్డు మీద వాళ్ళకి వినబడుతుంది. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. లెనోర్ అతని మొహంలోకి చూసింది, బురద బూట్లకేసి చూసింది. తర్వాత నోరు విప్పింది.

"బూట్లు విప్పి రా, హొరీ. ఇప్పుడే తుడిచి చచ్చాను."

విన్నీ.

ఆ చిరాకు, ఆ చివర్లో వచ్చే సన్నటి నవ్వు. కేకు తిన్న రోజు విన్న మాటని లెనోర్ ఇన్నాళ్ళూ దాచిపెట్టుకుంది. హొరేస్ తలుపు వదిలి లోపలికి రెండడుగులు వేశాడు. కళ్ళు తలుపు వెనక్కి, మెట్ల మీదికి, పొయ్యి దగ్గరికి పరుగెత్తాయి. తేరుకునేసరికి వెనక తలుపు ఊగుతోంది. గదిలో సెంటు వాసన, పొగమంచు.

సైలస్ లోపలికి వచ్చాడు. "ఏందల్లుడూ, ఏడుస్తున్నావా?"

"లేదు మామా."

"ఎవరో మాట్లాడినట్టున్నారే?"

హొరేస్ అదిరిపడి చెవిటి ముసలాయన వైపు చూశాడు.

మర్నాడు పొద్దున సంతకాలు అయిపోయాయి. శుక్రవారం రాత్రి రాజుగారు రేడియోలో సెలవు తీసుకుంటుంటే పబ్‌లో ఆడవాళ్ళు ఏప్రాన్లతో కళ్ళు తుడుచుకున్నారు. "ఎంత ప్రేమ!" అంది పబ్ యజమాని భార్య. హొరేస్ గ్లాసులో బీరు అలాగే ఉండిపోయింది. కోరుకున్నట్టే విన్నీ గొంతు మళ్ళీ చెవిలోకి వచ్చింది, ఇక పోవడం లేదు. రాత్రీ పగలూ అదే మాట. అది విన్నీ అంటున్నదో, లెనోర్ అంటున్నదో విడదీయడం ఈ జన్మకి అతని వల్ల కాదు.

ఇద్దరు జర్మన్లను రోడ్డు మీద పట్టించిన దూరదృష్టికి ఫ్రేన్‌కి పతకం వచ్చింది. లెనోర్ లిస్బన్‌లో కనబడిందన్నారు, కాదన్నారు.

కొత్త సంవత్సరంలో పార్కు ఎస్టేటు నుంచి చేతితొడుగులు వేసుకున్న ఒక మర్యాదస్తుడు వచ్చాడు. కూచోమన్నా కూచోలేదు. కొత్త రాజుగారి మనుషులకు ఇల్లు కావాలి, పాత ఏర్పాటు సంగతి తమకెవరికీ తెలియదు, మార్చి నెలాఖరుకల్లా ఖాళీ చేయాలి అన్నాడు. గొలుసు పట్టి తోటంతా కొలిపించాడు.

ఒక మనిషి ఒక ఆడదాని గొంతు కోసం సామ్రాజ్యం వదులుకున్నాడని లోకం ఇప్పటికీ గొప్పగా చెప్పుకుంటుంది. హొరేస్ పిల్బీమ్ వదులుకున్నది ఎవరూ చెప్పుకోలేదు, అది పెద్దదేం కాదు మరి: ఇల్లు, తోట, తేనెపెట్టెలున్న గట్టు, అంతా కలిపి కొలిస్తే ఎకరం ముప్పావు.