దర్జీ కొట్లో గుసగుస

ఆ దర్జీ కొట్టుకున్న చెడ్డపేరు ఆ వీధిలో అందరికీ తెలుసు. షట్టరు దించేశాక లోపల ఎవరో ఆడమనిషి గుసగుసలాడుతుందట... ఆ తర్వాత ఏడుపు వినిపిస్తుందట. "చీకటి పడితే అటు రాకండి" అని కొట్టాయనే అందరికీ చెప్పేవాడు. సొంత కొట్టు గురించి ఎవరైనా అలా చెప్పుకుంటారా? అక్కడే అనుమానం రావాలి, కదా!

నేను సినిమా ఎడిటర్ని. ఈ సంగతి నాకు చెప్పింది మా సౌండ్ రికార్డిస్టు. చీమ చిటుక్కుమన్నా వింటాడని అతన్ని చెవులాయన అంటాం.

ఆ దర్జీ కూతురు వాళ్ళమ్మ మీద డాక్యుమెంటరీ తీస్తోంది. తల్లి పోయేనాటికి తను ఉయ్యాల్లో పిల్ల. ఫొటోలున్నాయి, చీరలున్నాయి. గొంతు మాత్రం లేదు. "మీ అమ్మ గొంతు ఎక్కడా రికార్డు కాలేదమ్మా" — తండ్రిది ఎప్పుడూ ఇదే మాట. ఒక్కసారైనా ఆ గొంతు వినకుండా ఈ సినిమా దేనికని ఆమె బాధ.

ఆ సాయంత్రం కొట్లోనే తండ్రి ఇంటర్వ్యూ అయింది. "అలసిపోయాను, ఇంటికెళ్తా" అంటూ ఆయన వెనక తలుపు గుండా వెళ్ళిపోయాడు. కెమెరావాళ్ళూ సర్దుకుని వెళ్ళారు. చెవులాయనా, ఆమే మిగిలారు. షూటింగ్ అయ్యాక ఆ గది నిశ్శబ్దాన్ని కూడా కాసేపు రికార్డు చేసుకోవడం మా పద్ధతి. మాటల మధ్య అతకడానికి నాకది కావాలి.

చీకటి పడింది. ఇద్దరూ ఊపిరి బిగబట్టి నిలబడ్డారు.

హెడ్‌ఫోన్స్‌లో... ఎవరో ఆడమనిషి నవ్వింది.

చెవులాయన హెడ్‌ఫోన్స్ తీసేశాడు. కొట్లో చప్పుడే లేదు. మళ్ళీ పెట్టుకున్నాడు.

"ష్... మెల్లగా..."

చర్రుమని ఏదో శబ్దం. మళ్ళీ అదే నవ్వు — అదే మాట — "ష్... మెల్లగా..."

అతని పై ప్రాణాలు పైనే పోయాయి. హెడ్‌ఫోన్స్ ఆమె చెవులకి పెట్టాడు.

"ఆట పట్టిస్తున్నారా?" ఆమె గుసగుసగా అడిగింది.

"సినిమా కోసం మీరే పెట్టించారేమో అనుకుంటున్నా మేడమ్..."

అంతలో ఆ నవ్వుకి ఒక మగవాడి ఏడుపు తోడైంది. ఆ గొంతు ఆమెకి బాగా తెలుసు.

చెవులాయన తల పట్టుకున్నాడు. ఇంటర్వ్యూ కోసం తండ్రి కాలరుకి పెట్టిన వైర్‌లెస్ మైకు విప్పడం మర్చిపోయాడు! అదింత స్పష్టంగా వినిపిస్తోందంటే ఆయన పక్కనే ఎక్కడో ఉన్నట్టు. ఇంటికెళ్తానన్న మనిషి...

వెనక తలుపు పక్కనే మెట్లు. ఆయన ఉంటే పైన, బట్టల తానులు పెట్టే గదిలోనే ఉండాలి.

ఆమె మెట్లు దడదడా ఎక్కి తలుపు తోసింది. తానుల మధ్య కూర్చుని ఉన్నాడు తండ్రి. కింద మనుషులున్నారని సౌండ్ బాగా తగ్గించి, పాత టేప్ రికార్డరుని చెవికి ఆనించుకున్నాడు.

"నాన్నా! లేదన్నావు కదా! ఇన్నేళ్ళూ దెయ్యమని బెదిరించింది ఇందుకేనా?"

ఆయన దాన్ని గుండెకి హత్తుకున్నాడు. "వేసినకొద్దీ అరిగిపోతోందమ్మా... నీకిస్తే నాకేం మిగలదేమోనని... దాచుకున్నాను."

ఆమెకి ఒళ్ళు మండిపోయింది. గొంతు చించుకుని అరవబోయింది. టేపు ఇంకా తిరుగుతూనే ఉంది.

"ష్... మెల్లగా. పాప ఇప్పుడే పడుకుంది."

ఆమె చటుక్కున నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.