పాత లోకపు తోడు

క్షీరకోన రాజ్యంలో ఒక ఏడాది పాలు తోడుకోవడం మానేశాయి. రాత్రి తోడు వేసిన పాలు తెల్లవారేసరికి పాలుగానే ఉండేవి. విత్తిన గింజ మొలకెత్తలేదు. పొదిగిన గుడ్డు పగలలేదు. నెలలు నిండిన తల్లులకు నొప్పులు రాలేదు.

కారణం అందరికీ తెలుసు. ఆ సీమ పెద్దలు తరతరాలుగా చెప్పే మాట ఒకటుంది. ఈ లోకానికి ముందు ఇంకో లోకం ఉండేదట. అది అంతరించినప్పుడు చిప్పెడు మాత్రం మిగిలిందట. ఆదితల్లి ఆ మిగులును చీకటి పాలలో తోడు వేస్తే, మీగడ ఆకాశమైంది, గడ్డ భూమి అయింది. పుట్టే ప్రతి ప్రాణిలోనూ ఆ తోడు రవ్వంత ఉంటుంది. కొండగుడిలోని రాతికుండలో దాన్ని కాపాడుతూ వచ్చారు.

రాజు చండకేతుడికి ఈ మాట నామోషీ అనిపించింది. "మా వంశం తనంతట తానే వెలిగింది. ఎవరిదో మిగులు నుంచి పుట్టామంటే ఊరుకోను" అన్నాడు. కొడుకు వసుపాలుడు వద్దన్నా వినకుండా కుండను ఏటిలో కుమ్మరింపించాడు.

గొల్లపల్లెలో వీరాయి అనే పిల్ల ఉండేది. తల్లీతండ్రీ లేని ఆమెను అక్క గంగసాని పెంచింది. ఇప్పుడు గంగసానికి పదకొండో నెల. లేచి నిలబడలేకపోతోంది.

"ఏటి వెంబడి పోతానక్కా. ఒలికింది ఎక్కడో ఒకచోట ఆగే ఉంటుంది" అంది వీరాయి.

"రాజుగారి భటులే పోలేదు గదే!"

"వాళ్లకు నువ్వు అక్కవు కాదుగా."

ముంత ఒకటి చంకన పెట్టుకుని ఆమె అడవి దారి పట్టింది. కొన్నాళ్లకు ఏటి ఒడ్డున ఒక ముని కనిపించాడు. వచ్చిన పని విని ఆయన అన్నాడు: "ఏటిలో కొట్టుకొచ్చిన ఆ తోడును నల్లకొండ గుహలో ఘోరదంతుడనే రాక్షసుడు దాచుకున్నాడు తల్లీ. కనుమలో మాయగేదె కాపలా ఉంది. అడిగినదానికి జవాబు చెప్పకపోతే తొక్కేస్తుంది."

"ఏదైనా మంత్రం ఇవ్వండి స్వామీ."

"మంత్రానికి పాలు తోడుకుంటాయా? నీకు వచ్చిన పనే చెయ్యి."

కనుమకు అడ్డంగా కొండంత గేదె పడుకుని ఉంది. దాని ముక్కుల్లోంచి పొగ వస్తోంది. "అందరం పాత లోకపు మిగులు నుంచే పుట్టామంటారే, మరి నేను పెద్దా, నువ్వు పెద్దా?" అని అడిగింది.

వీరాయికి ఆ ప్రశ్న తెలిసినదానిలాగే తోచింది. "ఒక కుండలో తోడుకున్న పెరుగులో మీగడ పెద్దదా, అడుగు పెద్దదా? అంతా ఒకేసారి తోడుకున్నదేగా" అంది.

గేదె చాలాసేపు నెమరు వేసి, లేచి దారి ఇచ్చింది. "నన్నెవరూ పితికే ధైర్యం చేయలేదు. పొదుగు సలుపుతోంది" అంది కాస్త సిగ్గుగా. వీరాయి ఓపికగా పితికి ముంత నింపుకుంది.

గుహలో ఘోరదంతుడు రాతిచిప్ప ముందు కూర్చుని వాసన చూస్తున్నాడు. ఆమెను చూసి కోరలు నూరాడు.

"తినేస్తాను."

"తిందువుగాని తాతా. అదెందుకు అట్లా వాసన చూస్తున్నావు?"

తాతా అన్న పిలుపుకు అతను తడబడ్డాడు. "నేను ఆ పాత లోకం వాణ్ణి. అది మునిగిననాడు ఈ గుహలో నిద్రపోతున్నాను. లేచేసరికి నావాళ్లెవరూ లేరు. ఇందులో మా ఊరి వాసన ఉంది. రోజురోజుకీ తగ్గిపోతోంది."

వీరాయి వంగి చూసింది. "పులిసిపోతోంది తాతా. దాచుకుంటే ఏ పెరుగైనా అంతే. కొత్త పాలలో వేస్తేనే బతుకుతుంది. ఒక్క చెంచా ఇవ్వు. రేపటికి తోడుకోకపోతే నన్ను తినెయ్యి."

అతను చెంచాడు తీసి ఇచ్చాడు. ఆమె నిప్పులు రాజేసి, పాలు గోరువెచ్చగా కాచి, తోడు కలిపి ఆకు కప్పింది. పొద్దున్నే ఆకు తీస్తే పెరుగు గడ్డగా కత్తికి తెగేలా ఉంది. రాక్షసుడు వాసన చూసి, ముఖం గోడవైపు తిప్పుకుని ఏడ్చాడు. తరువాత చిప్పెడు తనకు ఉంచుకుని ముంత ఆమెకిచ్చాడు.

వీరాయి తిరిగొచ్చి రాతికుండ నింపిన మధ్యాహ్నమే గంగసానికి నొప్పులు వచ్చాయి. ఆడపిల్ల పుట్టింది. పొలాల్లో పాత విత్తనం మొలక వేసింది. చండకేతుడు కిరీటం కొడుకు చేతికిచ్చి, గుడిలో కుండకు కాపలా కూర్చున్నాడు.

కొన్నేళ్లకు వసుపాలుడు తానే గొల్లపల్లెకు నడిచి వచ్చి, తనను పెళ్లాడమని వీరాయిని అడిగాడు. ఆమె ఒప్పుకుంది. ఇద్దరూ రాజ్యాన్ని చల్లగా ఏలారు.

ఆ పెళ్లికి ఘోరదంతుడు ఆడపెళ్లివారి తరఫున వచ్చాడు. పందిట్లో పిల్లలు అతని భుజాలెక్కి, పాత లోకం ఎలా ఉండేదో చెప్పమని జుట్టు పట్టుకు లాగారు.

"అక్కడా పిల్లలు ఇలాగే ప్రాణం తీసేవాళ్లు" అని, అతను వాళ్లు పడిపోకుండా రెండు చేతులూ అడ్డం పెట్టాడు.