సగం గాట్ల రాయి

పిండిమర యజమాని భార్య 1991 జూన్ 9, ఆదివారం మధ్యాహ్నం చచ్చిపోయింది. గోధుమలు ఆడిస్తుంటే జడ బెల్టులో పడిందన్నాడు మొగుడు. తల సగం లేదు. గోడల నిండా నెత్తురు. వీధంతా అయ్యో అంది... ఏడాది తిరక్కుండా అతగాడికి ఇంకో పెళ్ళి చేసింది. ఆడదాని చావుకి లోకం ఇచ్చే గడువు అంతే.

మర మూతబడింది. కానీ ఏటా అదే తారీకు రాత్రి, తాళం వేసిన తలుపుల వెనక గొలుసు కదిలేది... తర్వాత టక్... టక్... టక్. పగిలిన తలని రాతికేసి కొట్టుకుంటోందన్నారు. మీసాలున్న మగాళ్ళంతా ఆ రాత్రి సందు మార్చి నడిచేవాళ్ళు.

ఈ కబురు రిటైరైన డిటెక్టివ్ చెవిన పడింది. పట్టుకుంటే వదలడని డిపార్టుమెంటులో అతన్ని జలగ అనేవాళ్ళు. అలాంటివాడు ‘ప్రమాదం’ అని రాసి మూసేసిన మొట్టమొదటి ఫైలు — ఇదే. రెండుసార్లు తిరగదోడబోయాడు. సాక్షి ఏడీ అన్నారు పైవాళ్ళు.

“దెయ్యాన్ని అరెస్టు చేస్తారా ఏంటి?” అంది భార్య, టార్చి అందిస్తూ.

“దెయ్యానికి క్యాలెండరెందుకే? తారీకు చూసుకుని వచ్చేది మనిషే.”

“మనిషైతే ఇంకా భయం.”

తెల్లారితే మరని కూలగొడతారు. ఇదే ఆఖరి రాత్రి.

ఊడిన కిటికీ చువ్వ సందులోంచి లోపలికి దూరాడు. చీకటి... పాత నూనె కంపు...

గొలుసు కదిలింది.

టక్...

టార్చి వేశాడు — నెత్తి నుంచి పాదాల దాకా తెల్లటి ఆకారం. గొలుసుతో ఎత్తిన మర రాతి మీదికి వంగి ఉంది. చేతిలో సుత్తి. ఆ సుత్తి లేచింది — అతని మీదికే. తల తప్పించాడు. కుడి భుజం ఎముక ఫట్‌మంది.

“వాడు పంపించాడా?” ఆకారం గుసగుసలాడింది. “నన్నూ చంపమన్నాడా?”

“పోలీసుని... ఒకప్పటి పోలీసుని.”

సుత్తి దిగింది. దెయ్యం కాదు, ముసలాయన. అరిగిన మర రాళ్ళకి సుత్తితో గాట్లు పెట్టేవాడు. ఒళ్ళంతా రాతిపొడి.

రాతి మీద వెలుతురు పడింది. సగానికి గాట్లు. మిగతా సగం నున్నగా — దాని మీద వరసగా తారీకులు, ఏడాదికొకటి.

“గాట్లు పెట్టేటప్పుడు రాయి విప్పేస్తాం బాబూ. మర ఆడదు. ఆ రోజు సగం పనిలో ఉన్నాను. ఆయమ్మ మొగుడు నా సుత్తే లాక్కున్నాడు. మూడు దెబ్బలు... మూడోదానికి ఆయమ్మ అరుపు ఆగిపోయింది. అప్పుడు జడ బెల్టుకి చుట్టి మోటారు వేశాడు. నోరెత్తితే నీ కూతురికీ జడ ఉందన్నాడు.”

“ఈ తారీకులు?”

“ఏటా స్టేషనుకని బయల్దేరతాను. కాళ్ళు ఇక్కడికొచ్చి ఆగుతాయి. చెప్పలేని ఏడాదికొకటి.”

“ఆ రోజే నాకు చెప్పి ఉంటే...”

ముసలాయన టార్చి లాక్కుని అతని మొహం మీద వేశాడు.

“మీరేనా ఆ కుర్ర ఇన్‌స్పెక్టరు? గుమ్మంలోనే నిలబడ్డాను బాబూ, ఇలాగే రాతిపొడితో తెల్లగా. కూతుర్ని కూడా మర్చిపోయి నోరు తెరిచాను. ‘పిండి కోసం వచ్చినవాళ్ళు పక్కకి జరగండి’ అన్నారు.”

జలగ నేల మీద కూలబడ్డాడు. కుడి చెయ్యి వేలాడుతోంది. ఎడమ చేత్తో నోటుబుక్కు తెరిచి, వంకర అక్షరాలతో ‘సాక్షి వాంగ్మూలం’ అని రాశాడు. దాని కింద: 9-6-2023, రాత్రి 11.40.